దేవత లేని జబ్బుకు పాట

తెలుగు పల్లెల్లో మశూచి ఎవరికీ రాలేదు, అమ్మవారు పోసింది. నయమైతే జబ్బు తగ్గిందని అనలేదు, తల్లి దిగిందన్నారు. గుమ్మానికి వేపమండలు కట్టారు, చల్లని నైవేద్యాలు పెట్టారు, జముకు వాయించేవాళ్లను పిలిపించి రాత్రంతా కథ చెప్పించుకున్నారు. ముఖం నిండా మచ్చలు మిగిలిన మనిషికి పెళ్లి సంబంధం కుదరడం కష్టమై ఉండవచ్చు గానీ, ఎక్కడ ఏ తప్పు చేసి తెచ్చుకున్నావని అడిగినవాళ్లు లేరు. జబ్బుకు ఒక దేవత ఉంది, దేవతకు ఒక పాట ఉంది, ఆ పాటలో ఊరందరికీ చోటుంది. దేశంలో మశూచి చివరి కేసు 1975లో నమోదైంది. వైరస్ వెళ్లిపోయింది గానీ జాతరలు ఎక్కడివక్కడే ఉన్నాయి.

ఆ తర్వాత పదకొండేళ్లకు, 1986లో, మద్రాసులో హెచ్‌ఐవీ బయటపడింది. ఈ జబ్బుకు దేవత పుట్టలేదు. కర్ణాటకలోని మండ్య జిల్లాలో ఒక ఊరి బడిపంతులు 1997 డిసెంబరు 1న ఎయిడ్సమ్మకు చిన్న గుడి కట్టించిన మాట నిజమే. ఆ తేదీ చూస్తేనే సంగతి అర్థమవుతుంది. అది ప్రపంచ ఎయిడ్స్ దినం. పంతులుగారు కట్టింది గుడి రూపంలో ఉన్న పాఠం. పాఠాలకు జాతరలు జరగవు.

దేవత లేనప్పుడు పాట ఎవరు కడతారు? ఎయిడ్స్ కాలంలో సంగీతం, కవిత్వం ఏం చేశాయన్న ప్రశ్నకు న్యూయార్క్‌లో ఒక జవాబు, ఉగాండాలోని కంపాలాలో ఒక జవాబు దొరుకుతాయి. ఒడిశా సరిహద్దులోని గంజాం, గజపతి జిల్లాల తెలుగువాళ్ల మధ్య నిలబడి అదే ప్రశ్న వేస్తే కనిపించేది వేరు. ఇక్కడ జబ్బు ముప్పై ఏళ్లలో రెండు మూడు రూపాలు మార్చింది. పాట మాత్రం మొదట పట్టిన రూపాన్ని వదల్లేదు.

1936 ఏప్రిల్ 1న ఒడిశా ప్రత్యేక రాష్ట్రం అయ్యేవరకు గంజాంలోని బరంపురం మద్రాసు ప్రెసిడెన్సీలోనిదే. గజపతిలోని పర్లాకిమిడి సంగతి చెప్పనక్కరలేదు. వ్యావహారిక భాష కోసం పోరాడిన గిడుగు రామమూర్తి పంతులు సవర భాష నేర్చుకున్నది అక్కడే. ఇంట్లో తెలుగు, బడిలో ఒడియా, బజారులో రెండూ కలిసిన మూడోది నడిచే ప్రాంతం ఇది. బరంపురంలో అన్నిటికన్నా పెద్ద పండుగ ఠాకురాణీ జాతర. రెండేళ్లకోసారి, చైత్రమాసంలో, దాదాపు నెల రోజులు సాగుతుంది. ఆ అమ్మవారిని గుడి నుంచి తీసుకొచ్చి నేతవీధిలో తాత్కాలికంగా కట్టిన మందిరంలో నిలుపుతారు. తెచ్చేది తెలుగు మూలాలున్న నేత కుటుంబాలవాళ్లు. వాళ్ల పెద్ద దేశిబెహరా అమ్మవారికి తండ్రి వరస. జాతర అంటే ఆడపడుచు పుట్టింటికి రావడం. ప్రతి రాత్రీ ఆడవాళ్లు ఘటాలు నెత్తిన పెట్టుకుని వీధులు తిరుగుతారు. డప్పులు, వేషాలు, పసుపునీళ్లు. ఠాకురాణీలకూ మశూచి, కలరాలకూ ఉన్న సంబంధం పాతదే కనుక ఈ హోరులో ఎక్కడో ఒకప్పటి అంటువ్యాధుల భయం కూడా కలిసే ఉంటుంది.

నేత అన్న మాట పట్టుకుని అదే దారిలో పోతే సూరత్ చేరుతాం. గంజాం జిల్లా మగవాళ్లు దశాబ్దాలుగా సూరత్ పవర్‌లూమ్‌లకు వెళుతున్నారు. ఒక్కొక్క ఊరి నుంచి ఇంటికొకరు చొప్పున వెళ్లిన చోట్లున్నాయి. బరంపురం మీదుగా పోయే అహ్మదాబాదు రైలు ఎక్కితే రెండు రాత్రుల ప్రయాణం. అక్కడ పన్నెండు గంటల షిఫ్టు, మీటరు లెక్కన కూలి. ఉండేది, తినేది మెస్సులో. పగటి షిఫ్టువాడు లేచిన చాప మీద రాత్రి షిఫ్టువాడు నడుం వాలుస్తాడు. మగ్గాల మోతలో ఏళ్ల తరబడి నిలబడ్డవాళ్లకు చెవి మందగించడం మామూలు. పెళ్లాం పిల్లలు ఊళ్లో. మనిషి నెలల తరబడి అక్కడ. ఒడిశాలో హెచ్‌ఐవీ ఎక్కువగా కనిపించిన జిల్లాల పేర్లు చెప్పేటప్పుడు గంజాం పేరు ముందు వరసలో రావడానికి ఈ బతుకు అమరికే కారణం తప్ప ఇక్కడి మనుషుల గుణం కాదు. జబ్బు మగవాడితో పాటు రైలెక్కి ఇంటికి వచ్చింది. చాలామంది భార్యలకు తమ ఒంట్లో ఏముందో తెలిసింది భర్త మంచం పట్టాకో, పోయాకో.

తెలుగులో ఈ రకం జబ్బులకు అంతకుముందే ఒక పేరు సిద్ధంగా ఉంది: సుఖవ్యాధి. ఆ మాట కట్టినవాళ్ల ఉద్దేశం ఏదైనా, అందులో తీర్పు చెప్పేసి ఉంది. సుఖపడ్డావు, అనుభవించు. సూరత్ మెస్సులో సగం చాప మీద పడుకున్నవాడికి ఆ మాట ఎంత వర్తిస్తుందో చెప్పడం కష్టం. అతని భార్యకైతే అసలే వర్తించదు. అందుకే ఊళ్లలో ఆ మాటా అనలేదు, ఎయిడ్స్ అనీ అనలేదు. ‘ఆ జబ్బు’ అన్నారు. అమ్మవారి పేరు ఎత్తకుండా తల్లి అనడంలో భక్తి ఉంది. పేరు ఎత్తకుండా ఆ జబ్బు అనడంలో ఉన్నది వెలి.

ఈ ఖాళీలోకి సర్కారు పాట వచ్చింది. జాతీయ ఎయిడ్స్ నియంత్రణ సంస్థ 1992లో ఏర్పడింది. అప్పటికి చేతిలో మందు లేదు, ఉన్నదల్లా హెచ్చరిక. ‘ఎయిడ్స్‌కు మందు లేదు, నివారణే మార్గం’ అన్న ముక్క తెలుగు గోడలన్నిటి మీదా పడింది. పుర్రె బొమ్మ, ఎర్ర రంగు, నల్ల రంగు. పాటలు కట్టినవాళ్లూ ఆ ముక్కనే పల్లవి చేసుకున్నారు. చెప్పాలంటే అప్పటికి అది అబద్ధం కాదు. ఇబ్బంది ఎక్కడంటే, లయలో పడిన మాటను వెనక్కి తీసుకోవడం సాధ్యం కాదు. కరపత్రం పాతబడితే కొత్తది అచ్చు వేయవచ్చు. పాట ఒకసారి నోట పడ్డాక దానికి సవరణ ప్రతి ఉండదు. 2004 ఏప్రిల్ 1 నుంచి ప్రభుత్వం ఉచితంగా ఏఆర్‌టీ మందులు, అంటే హెచ్‌ఐవీని అదుపులో ఉంచే మందులు, ఇవ్వడం మొదలుపెట్టింది. ఆ తర్వాత చాలా ఏళ్లు కూడా గోడల మీదా, నాలుకల మీదా ‘మందు లేదు’ అన్నదే మిగిలింది. మందు లేదని పాటలో విన్న మనిషి ఆస్పత్రికి ఎందుకు వెళతాడు?

2000ల మొదట్లో ఆంధ్రప్రదేశ్‌లో ‘పులిరాజాకు ఎయిడ్స్ వస్తుందా?’ అన్న ప్రశ్న బస్టాండు బస్టాండులోనూ వేలాడింది. అది పాట కాదు, పద్యమూ కాదు. అయినా తెలుగువాళ్లు ఈ జబ్బు గురించి నోరు తెరిచి మాట్లాడిన మొదటి సందర్భం బహుశా అదే. సరిహద్దు అవతల పర్లాకిమిడి, బరంపురం తెలుగిళ్లలోకీ టీవీ ద్వారా ఆ పులిరాజా వచ్చాడు. పులిరాజా ఎవరో చెప్పకుండా ముందు ప్రశ్న వదలడం, జవాబు తర్వాత చెప్పడం ఆ ప్రచారంలోని చమత్కారం. చెప్పింది కండోమ్ గురించి. జనం పట్టుకున్నది పేరును. కుర్రాళ్లు ఒకరినొకరు పులిరాజా అని పిలుచుకున్నారు, నవ్వుకున్నారు. భయపెట్టే గోడరాతల కన్నా ఈ నవ్వు మేలే చేసింది. నవ్వు ఉన్న చోట మాట పుడుతుంది. కానీ పులిరాజా ఎప్పుడూ మగవాడే, ఎప్పుడూ బయట తిరిగేవాడే. అతనికి భార్య ఉంటే ఆమెకు వస్తుందా అని మాత్రం ఏ హోర్డింగూ అడగలేదు.

ఊళ్లలో ప్రచారం పని జానపద బృందాలకు అప్పగించారు. వలసవెళ్లినవాళ్లు పండుగలకు ఇళ్లకు తిరిగి వచ్చే రోజులు చూసి ప్రదర్శనలు పెట్టించడం ప్రభుత్వ పద్ధతి. గంజాంలో ఆ రోజులకు కొదవ లేదు. చైత్రంలో దండనాట వ్రతం పట్టడానికి సూరత్ నుంచి సెలవు పెట్టి వచ్చే మగవాళ్లు ఇప్పటికీ ఉన్నారు. తెలుగువైపు బుర్రకథ, ఒడియావైపు దాసకాఠియా. ఈ రెండు రూపాలూ ఆ సందేశాన్ని ఎలా మోశాయో కాస్త దగ్గరగా చూడాలి.

బుర్రకథలో ముగ్గురు. నడుమ తంబురా భుజాన వేసుకుని, బొటనవేలికి అందె తొడుక్కుని కథకుడు. చెరో పక్కా డక్కీలతో వంతలు. ఒకరు లోకం పోకడ గురించి మాట్లాడేవారు, రెండోవారు నవ్వించేవారు. కథకుడు ముందుకు నాలుగు అడుగులు, వెనక్కి నాలుగు అడుగులు వేస్తూ చరణం ఎత్తుకుంటే వంతలు ‘తందాన తాన’ అందుకుంటారు. ఈ రూపం పుట్టుకతోనే వీరగాథ. దానికి ఒక వీరుడు కావాలి, ఒక శత్రువు కావాలి, చివరకు యుద్ధం కావాలి. 1940లలో వామపక్ష కళాకారుల ప్రజానాట్యమండలి దాన్ని చేతిలోకి తీసుకుని జమీందారును, దొరను శత్రువు చేసినప్పుడు కత్తిలా పనిచేసింది. కుటుంబ నియంత్రణ కథల్లో అధిక సంతానాన్ని శత్రువు చేసినా ఎలాగో నెట్టుకొచ్చింది. ఎయిడ్స్ దగ్గరకు వచ్చేసరికి శత్రువు వైరస్. వైరస్‌కు వేషం వేయాలి కనుక ఎయిడ్స్ భూతం, ఎయిడ్స్ రాక్షసి, మహమ్మారి. అయితే ఆ రాక్షసి ఎక్కడుంది? మన పక్క వీధిలో మంచం పట్టిన మనిషి ఒంట్లో. రాక్షసిని తరిమికొట్టమని డక్కీ మోగితే ఊరి చూపు ఎటు తిరుగుతుందో వేరే చెప్పాలా? పాడినవాళ్లకు ఆ ఉద్దేశం లేదు. కథ నడిచే తీరే అటు లాక్కుపోయింది.

ఆ ప్రదర్శనల్లో ప్రాణం ఉన్న భాగం హాస్యం వంతది. కథకుడు గంభీరంగా ‘తొడుగు’ అంటే, దేనికి తొడుగు, చెప్పుకా, గొడుగుకా అని అడిగేది అతనే. దోమ కుడితే వస్తుందా, ఒకే గ్లాసులో తాగితే వస్తుందా, క్షౌరం చేయించుకుంటే వస్తుందా అని జనం మనసులో ఉన్నవన్నీ వెర్రివాడిలా అడిగేదీ అతనే. దాసకాఠియాలోనూ ఇదే సంగతి. ఇద్దరే మనుషులు, చేతిలో చెక్క చిడతలు. గాయకుడు పురాణం ఎత్తుకుంటే రెండోవాడు పాలియా మధ్యలో అడ్డుతగిలి పేలుతూ ఉంటాడు. తెలుగు నుడికారంలో వంత పాడటమంటే ఆలోచన లేకుండా ఎవరికో సై అనడం. నిజమైన వంతకు ఇది పెద్ద అన్యాయం. ఈ కథల్లో ప్రశ్న అడిగిన ఏకైక మనిషి అతను.

ఇదే కాలంలో మిగతా ప్రపంచంలో పాట వేరే దారి పట్టింది. ఉగాండాలో ఫిలీ లుటాయా పెద్ద పేరున్న గాయకుడు. 1989లో తనకు ఎయిడ్స్ ఉందని అందరి ముందూ ప్రకటించాడు. బడులు, చర్చీలు తిరిగి, తన ఒంటరితనం గురించీ భయం గురించీ పాడాడు. అదే ఏడాది డిసెంబరులో చనిపోయాడు. అంతకు రెండేళ్ల ముందు, 1987లో, నోరీన్ కలీబా భర్తను ఇదే జబ్బుతో పోగొట్టుకుని ఆ దేశంలో ఎయిడ్స్ ఉన్నవాళ్లకు ఆసరాగా టాసో అనే సంస్థను మొదలుపెట్టింది. ఆ సంస్థ పాటల బృందాల్లో పాడింది జబ్బు ఉన్నవాళ్లే. మన బుర్రకథకూ దానికీ తేడా రాగంలో లేదు, తాళంలో లేదు; ఎవరు పాడుతున్నారన్న దానిలో ఉంది. పాడే మనిషి ‘నేను’ అన్నప్పుడు రాక్షసి వేషానికి చోటుండదు. దక్షిణాఫ్రికాలో జాతివివక్ష నాటి పోరాట పాటలకే కొత్త మాటలు కట్టి, మందులు ఇవ్వాలంటూ వీధుల్లో పాడారు. బిడ్డకు జబ్బు సోకకుండా గర్భిణులకు నెవిరపిన్ మందు ఇవ్వాలని 2002లో అక్కడి రాజ్యాంగ న్యాయస్థానం ప్రభుత్వాన్ని ఆదేశించింది.

అమెరికాలో కవులు స్మృతి కవితలు రాశారు. థామ్ గన్ లాంటివాడు ఆసుపత్రి మంచాలను, చెమటతో తడిసిన పక్కలను, ఒకరి తర్వాత ఒకరుగా పోయిన స్నేహితులను పాత ఛందస్సులో, ప్రాసలతో కట్టాడు. ఒళ్లు వశం తప్పుతున్నప్పుడు పద్యం వశం తప్పకుండా నిలబెట్టడంలో ఉన్న బిగువు తెలుగువాళ్లకు కొత్తగా చెప్పనక్కరలేదు. సరిహద్దు ఊళ్లలో హరిశ్చంద్ర నాటకం ఆడించినప్పుడు తెల్లవారుజామున వచ్చే కాటి సీను కోసం జనం మేల్కొని కూర్చునేది దీనికే. జాషువా శ్మశానవాటి పద్యాలు ఆ సీనులోకి చేరి నాటకంలో భాగమైపోయాయి. పదిమందిలో మగవాడు కళ్లు తుడుచుకున్నా ఎవరూ ఏమీ అనని చోటు అదొక్కటే.

అమెరికా స్పందనల్లో ఈ ప్రాంతానికి అన్నిటికన్నా దగ్గరగా తోచేది మాత్రం పద్యం కాదు, గుడ్డ. 1987 అక్టోబరు 11న వాషింగ్టన్‌లో ఎయిడ్స్‌తో పోయినవాళ్ల పేర్లు కుట్టిన 1,920 గుడ్డ ముక్కలను కలిపి పరిచారు. ఒక్కొక్కటి మూడడుగులు, ఆరడుగులు. అంటే సమాధి కొలత. ఆ పేర్లను ఒక్కొక్కటిగా గట్టిగా చదివారు. దాన్ని చూసి కదిలిన స్వరకర్త జాన్ కొరిగ్లియానో తన మొదటి సింఫనీ రాశాడు. 1990లో షికాగోలో వినిపించారు. పేరు చదవడమే అక్కడ సంగీతానికి మొదలు. సూరత్‌లో రోజుకు పన్నెండు గంటలు బట్ట నేసిన గంజాం మనిషి పేరు ఏ బట్ట మీదా లేదు. ఉండకూడదనే ఇంటివాళ్లు కోరుకున్నారు. పేరు బయటపడితే పిల్లకు పెళ్లి కాదు, పిల్లవాడిని బడిలో పక్కన కూర్చోనివ్వరు. కాబట్టి అమెరికాలో చేసిన పని గొప్పది, దాన్నే ఇక్కడా చేయాలి అనేవాళ్లు ఒక నిమిషం ఆగాలి. పేరు చెప్పగలగడం ధైర్యం ఒక్కదానితో అయ్యే పని కాదు. చెప్పాక నిలబడడానికి ఒక ఇల్లు, ఒక ఉద్యోగం, నలుగురు స్నేహితులు కావాలి.

మరి ఇక్కడ ఈ జబ్బు మీద కవిత్వమే పుట్టలేదా? అచ్చులో వెతికితే తక్కువే. చావింటి గుమ్మం దగ్గర వింటే ఉంది. తెలుగులో ఆడవాళ్లు గొంతెత్తి ఏడవడాన్ని రాగాలు తీయడం అంటారు. ఆ మాట పోలిక కోసం పుట్టింది కాదు. అందులో నిజంగానే స్వరం ఉంటుంది, ఒక దగ్గర ఎత్తుకుని ఒక దగ్గర దించే వరస ఉంటుంది, అప్పటికప్పుడు కట్టే మాట ఉంటుంది. పోయిన మనిషిని వరస పెట్టి పిలుస్తారు. అతను ఏం తినేవాడో, ఏం తెస్తానన్నాడో, ఏ పని సగంలో వదిలేశాడో చెబుతారు. నన్నెవరికి అప్పగించి పోయావని నిలదీస్తారు. దూరపు ఊరి నుంచి ఒక్కొక్క చుట్టం వచ్చి మెడ మీద పడ్డప్పుడల్లా రాగం మళ్లీ మొదలవుతుంది, కథ మళ్లీ చెప్పాలి. అలా సాయంత్రానికి పోయిన మనిషి జీవితచరిత్ర పది పన్నెండు సార్లు పాడి ముగుస్తుంది.

ఎయిడ్స్ చావుల్లో ఈ రాగానికి రెండు చోట్ల గండి పడింది. ఒకటి, ఎలా పోయాడన్న చరణం. పాము కరిచి పోతే పామును తిడతారు, సముద్రంలో పోతే గంగమ్మను నిలదీస్తారు. ఇక్కడ ఎవరిని తిట్టాలి? జ్వరమన్నారు, టీబీ అన్నారు. టీబీ అనడం పూర్తిగా అబద్ధమూ కాదు. హెచ్‌ఐవీ ఉన్నవాళ్లను ఎక్కువగా బలి తీసుకున్నది టీబీయే. ఆ సగం నిజం వెనక మిగతా సగం దాగింది. రెండోది, మెడ మీద పడే చుట్టాలు తగ్గిపోయారు. విషయం తెలిసినవాళ్లు వాకిట్లోనే నిలబడ్డారు. పాడె మోయడానికి మనుషులు వెనకాడిన సంగతులు దేశమంతటా వినిపించాయి. వచ్చేవాళ్లు లేకపోతే రాగం మళ్లీ ఎత్తుకునే అవసరమే రాదు. ఒక్కసారి పాడి ఊరుకున్న పాట అది.

ఇంకొక సంగతి ఉంది. రాగాల్లో తరతరాలుగా వచ్చే మాట ఒకటి: నేనూ నీ వెనకే వస్తాను. ఏ భార్య అయినా అనే మాటే, ఎవరూ దాన్ని అక్షరాలా తీసుకోరు. 2004కు ముందు, భర్త నుంచి జబ్బు సోకిన భార్య ఆ మాట అన్నప్పుడు అది అలంకారం కాదు. డాక్టరు చెప్పాల్సిన సంగతిని ఆమె పాటలో చెప్పింది. తనకు తెలిసి చెప్పిందా, తెలియకుండానే పాత మాట పట్టుకుందా అన్నది వినేవాళ్లకు అంతుపట్టదు. ఎయిడ్స్ మీద తెలుగులో పుట్టిన అన్నిటికన్నా బరువైన కవిత్వం ఇదేననడం అతిశయోక్తి కాదేమో. దానికి అచ్చు లేదు, రికార్డు లేదు, కవి పేరు లేదు. కర్మ ముగిశాక ఆమె పుట్టింటికి చేరింది. బరంపురం నేతవీధికి ఠాకురాణీ కూడా ఆడపడుచుగానే వస్తుంది, డప్పులతో.

తర్వాత జబ్బు మారింది. 2001లో ఒక భారతీయ మందుల కంపెనీ ఒక మనిషికి ఏడాదికి సరిపడే మందులను 350 డాలర్లకు ఇస్తానని ముందుకు రావడం, 2004లో ప్రభుత్వం ఉచిత చికిత్స మొదలుపెట్టడం పెద్ద మలుపులు. మొదట ఆరు రాష్ట్రాలు, ఢిల్లీ; ఆ ఆరింటిలో ఆంధ్రప్రదేశ్ ఉంది, ఒడిశా లేదు. సరిహద్దు ఊరు ఇచ్ఛాపురానికి ఇవతల ఒక లెక్క, అవతల ఒక లెక్క. ఆ తర్వాత బరంపురం వైద్య కళాశాల ఆసుపత్రిలోనూ ఏఆర్‌టీ కేంద్రం వచ్చింది. మొదట్లో రోగనిరోధక కణాల సంఖ్య బాగా పడిపోయినవాళ్లకే మందులు ఇచ్చేవారు. 2017 నుంచి హెచ్‌ఐవీ ఉందని తేలిన ప్రతి ఒక్కరికీ వెంటనే ఇస్తున్నారు. మందులు సరిగా వాడి, రక్తంలో వైరస్ కనిపించనంతగా తగ్గితే లైంగికంగా ఇంకొకరికి సోకదు. చికిత్స లేకుంటే తల్లి నుంచి బిడ్డకు సోకే అవకాశం 15 నుంచి 45 శాతం. చికిత్సతో 5 శాతం లోపు. హెచ్‌ఐవీ ఉన్నవాళ్ల మీద ద్వేషం రగిలించే మాటలను, రాతలను నిషేధించే చట్టం 2017లో వచ్చి, 2018 సెప్టెంబరు 10న అమల్లోకి వచ్చింది. ఆ చట్టం ముందు నిలబెడితే పాత రాక్షసి పాటల్లో కొన్ని ఇబ్బందిలో పడతాయి.

ఇప్పుడిది బీపీ, షుగరు లాగా జీవితాంతం మందు వాడుకుంటూ బతికే జబ్బు. దీనికి జాతర పాట పనికిరాదు, వీరగాథ పనికిరాదు, శోకం అసలే పనికిరాదు. మరి ఏ పాట పనికొస్తుంది? తెలుగులో దానికీ ఒక కోవ ఉంది, ఎవరూ అటు చూడలేదు. దంపుడు పాటలు, తిరగలి పాటలు, ఊడ్పుల పాటలు. వాటిలో గొప్ప భావం ఉండాలన్న నియమం లేదు. చేసిన పనే మళ్లీ మళ్లీ చేయడానికి చెయ్యి మొరాయించకుండా చూడడం వాటి పని. అన్నిటికన్నా దగ్గరది ఏతం పాట. ఏతం తొక్కేవాళ్లు పాడుతూనే ఎన్ని బానల నీళ్లు తోడారో లెక్కపెట్టేవారు. అంకె పాటలోనే ఉంటుంది. లెక్క తప్పితే నీరు తప్పుతుంది. ఏఆర్‌టీ మందుల పద్ధతీ అంతే: రోజూ ఒకే వేళకు, తప్పకుండా. తరచూ తప్పితే మందుకు వైరస్ లొంగకుండా పోవచ్చు. వడ్లు మిల్లుకు పోయాక దంపుడు పాట పోయింది, మోటారు వచ్చాక ఏతం పాట పోయింది. అవసరం వచ్చే వేళకు ఆ కోవ చేతికి అందకుండా పోయింది.

వాటి చోట్లోకి ఫోను వచ్చింది. 2008లో కండోమ్ అన్న మాటనే రకరకాల గొంతులతో పాడించి దేశమంతటికీ ఒక రింగ్‌టోన్ వదిలారు, సిగ్గు పోగొట్టడానికి. మందు వాడేవాళ్లకు కావలసింది దానికి పూర్తిగా తిరగబడిన వస్తువు. ఎవరికీ అనుమానం రాని మోత కావాలి. రాత్రి మాత్ర వేళకు ఫోనులో మోగేలా పెట్టుకున్నది మామూలు సినిమా పాటే అయితే, అత్తగారు విన్నా, మెస్సులో పక్కవాడు విన్నా, ఎవరో ఫోను చేశారనుకుంటారు. ఫోను తీసి, కట్టేసి, నీళ్లు తాగడానికి అన్నట్టు లేచి వెళ్లడం.

మాత్రలు అయిపోవచ్చేసరికి కేంద్రానికి వెళ్లాలి. పాత డబ్బా వెంట తీసుకెళ్లాలి; అందులో మాత్రలు మిగిలితే వాటిని లెక్కపెట్టి, ఎన్ని రోజులు తప్పిందో రాసుకుంటారు. బల్లకు అవతల కౌన్సిలర్ డబ్బా బోర్లించి, మిగిలిన మాత్రలను వేలితో ఒక్కొక్కటిగా పక్కకు జరుపుతూ ఒడియాలో పైకి లెక్కపెడుతుంది. ఇవతల కూర్చున్న మనిషి పెదవులు కూడా కదులుతుంటాయి, ఒక అంకె ముందుగా, తెలుగులో.